అరువది నాలుగు గళ్లు దాటిన గింజ

మహావీరాచార్యుడు సంస్కృతమున రచించిన గణితసారసంగ్రహమును తెనుగు పద్యములలోనికి తెచ్చిన 11వ శతాబ్ది కవి పావులూరి మల్లన పేర ప్రసిద్ధమైన పద్యమొకటి కలదు. చదరంగపు బల్లమీది 64 గళ్లలో మొదటి గడియందు ఒకటి, రెండవ గడియందు రెండు, మూడవ గడియందు నాలుగు, ఇట్లు ప్రతి గడికిని ఇబ్బడి చేయుచు చివరి గడివరకు పోయినచో మొత్తమెంత యగునన్న ప్రశ్నకు ఆ పద్యము సమాధానము. శరములన్న అయిదు, వేదములన్న నాలుగు, గగనమన్న సున్న, చంద్రుడన్న ఒకటి అని అంకెలకు మారుగా లోకప్రసిద్ధమైన వస్తువుల పేర్లను వాడు భూతసంఖ్యాపద్ధతిలో, ఒకట్ల స్థానమున మొదలుపెట్టి ఎడమవైపునకు నడచుచు, ఇరువది అంకెల ఆ మహాసంఖ్యను ఒక్క అంకెయైనను తప్పిపోకుండ కవి ఛందస్సులో బంధించినాడు. మన వాడుక లెక్కలో వ్రాసినచో అది 1,84,46,74,40,73,70,95,51,615.

ఈ సంఖ్యను నేనిచ్చట తలచుట సాహిత్యాభిమానముచేత మాత్రమే కాదు. నేడు మన చేతిలోని ఫోనునందును, బల్లమీది కంప్యూటరునందును లెక్కలు చేయు ప్రాసెసరులో రిజిస్టరులనబడు చిన్న చిన్న అరలు కలవు. ఒక్కొక్క అరయందు 64 బిట్లు, అనగా సున్ననుగాని ఒకటినిగాని పట్టు గళ్లు, వరుసగా నుండును. వానిలో మొదటి గడి విలువ ఒకటి, రెండవ దాని విలువ రెండు, మూడవ దాని విలువ నాలుగు. కావున లెక్కకు సంబంధించినంతవరకు చదరంగపు బల్లకును ఈ అరకును భేదమే లేదు. గళ్లన్నియు నిండినపుడు ఆ అర చూపగల మిక్కిలి పెద్ద సంఖ్య యేదియన్నచో, అది మల్లన పద్యములోని సంఖ్యయే. రెండుచోట్లను గళ్లు అరువది నాలుగే యగుటవలన కలిగిన కాకతాళీయమే యిది. అయినను యంత్రగణితములోని మూలసమస్యను తెలుగువారికి బోధపరచుటకు ఇంతకంటె చక్కని దారి నాకు కనబడలేదు.

కథలలో చెప్పుకొనునట్లు గళ్లలో ఉంచినవి గింజలే యనుకొని, నిండిన ఆ లెక్కకు మరియొక్క గింజను చేర్చినచో ఏమగును? మొదటి గడిలోని ఒకటికి ఒకటి కలిసి, అక్కడ సున్న మిగిలి, ఒకటి ప్రక్క గడికి పోవును. అక్కడను అట్లే జరుగును. ఇట్లు అరువది నాలుగు గళ్లను తుడిచివేయుచు పోయిన ఆ ఒకటి, కడపటి గడి దాటిన పిమ్మట నిలుచుటకు తావు లేక అర వెలుపల పడిపోవును. అరలో మిగులునది సున్న. బడిలో కూడిక నేర్చు పిల్లవాడు "చేతిలో ఒకటి" అనుకొనుచు ఎడమవైపునకు పోయి, అక్కడ అంకెలు అయిపోయినను కొత్త స్థానమొకటి కల్పించి ఆ ఒకటిని అక్కడ వేయును. పలకమీద చోటున్నంతవరకు వాని కూడిక తప్పదు. యంత్రపు అరకు ఎడమవైపున అట్టి చోటు లేదు. ఇంతకంటె చింతింపదగినది మరియొకటి కలదు. సీ వంటి భాషలో వ్రాసిన ప్రోగ్రామునకు ఈ నష్టము జరిగినట్లు ఏ హెచ్చరికయు అందదు. ధనసంఖ్యలు మాత్రమే పట్టు పూర్ణాంకమైనచో నిశ్శబ్దముగా సున్నకు మరలును, ఋణసంఖ్యలను కూడ పట్టునదైనచో ఫలితమేమగునో చెప్పు బాధ్యతనే ఆ భాష స్వీకరింపదు.

అర నిండిపోయినందువలన కలిగిన అనర్థములలో అందరును స్మరించునది ఫ్రెంచి గయానాలోని కూరూ ప్రయోగకేంద్రమునుండి 1996 జూన్ 4వ తేదీన ఎగసిన ఏరియాన్ 5 రాకెట్టుది. అది దాని తొలి ప్రయాణము. పూర్వపు ఏరియాన్ 4కొరకు వ్రాసిన దిశానిర్ణయ ప్రోగ్రామునే దీనియందును వాడిరి. కాని కొత్త రాకెట్టు పాతదానికంటె వేగముగా అడ్డముగా సాగునదగుటచే, ఆ వేగమునకు సంబంధించిన విలువయొకటి 16 బిట్ల అరకు మీరిపోయెను. ఋణ ధనములు రెండింటిని పట్టు 16 బిట్ల అర 32,767 దాటి లెక్కింపజాలదు. ఒకటి చెడినచో మరియొకటి ఆదుకొనునని రెండు దిశానిర్ణయ యంత్రములను అమర్చియుండిరి. రెండును అదే ప్రోగ్రామును నడుపుచుండుటచే రెండును అదే కారణమున ఆగిపోయెను. బయలుదేరిన దాదాపు 40 సెకన్లకే రాకెట్టు దారి తప్పి, విచ్ఛిన్నమై, తనతో తీసికొనిపోవుచున్న నాలుగు క్లస్టర్ ఉపగ్రహములతోకూడ నశించెను. ఎందరో శాస్త్రజ్ఞులు ఏండ్ల తరబడి పడిన శ్రమ, చిన్న అరలో పెద్ద సంఖ్యను పోయుటవలన ఇట్లు బూడిదయైన ఉదంతమును చదివినప్పుడెల్ల నాకు మనసు కలుక్కుమనును.

నిత్యజీవితములోని లెక్కలలో అత్యధికభాగమునకు 64 గళ్లు చాలునన్న మాట నిజమే. దుకాణపు చిట్టాలకుగాని, బ్యాంకు ఖాతాలకుగాని అంతకంటె పెద్ద అర అక్కరలేదు. కాని సంఖ్యలు మనము తలచినదానికంటె త్వరగా పెరుగును. పంక్తిభోజనమునకు వచ్చిన 20 మందిని ఒక వరుసలో ఎన్ని విధముల కూర్చుండబెట్టవచ్చునో లెక్కించినచో 24,32,90,20,08,17,66,40,000 విధములని తేలును. ఇది 64 బిట్ల అరలో ఇముడును. ఇరువది యొకటవ అతిథి వచ్చి విస్తరి ముందు కూర్చుండగనే ఆ లెక్క అరను దాటిపోవును. ఇక రహస్యలేఖనము సంగతి చెప్పనేల? రివెస్ట్, షమీర్, ఆడిల్‌మన్ అను మువ్వురు 1977లో కల్పించిన ఆర్‌ఎస్‌ఏ పద్ధతిలో నేడు సాధారణముగా వాడు సంఖ్య 2048 బిట్లది. దశాంశములలో వ్రాసినచో 617 అంకెలు. అట్టి సంఖ్యలను మరల మరల గుణించి, భాగించి, శేషములు తీసిననే గాని ఆ తాళము పడదు, తీయబడదు. అందులో ఒక్క బిట్టు తారుమారైనను తాళపుచెవి తాళపుచెవి కాదు. ఉజ్జాయింపునకు ఇచ్చట విలువ లేదు.

ఈ పనికి ప్రతి ప్రోగ్రాము రచయితయు తన కూడికను తానే వ్రాసికొనవలెనా? వ్రాసికొనవచ్చును, వ్రాసికొన్నవారును కలరు. కాని కూడిక సులభముగా తోచినంతమాత్రమున తప్పులు లేకుండ వ్రాయుట సులభము కాదు; భాగాహారమైతే, ప్రతి మెట్టునను లబ్ధపు అంకెను ఊహించి, ఊహ అధికమైనచో వెనుకకు వచ్చి సవరించుకొను పని యగుటచే, లక్షలలో ఒకమారు మాత్రమే తటస్థించు సందర్భములందు పొరబాట్లు దాగియుండును. ఊరందరికి ఒక మంచినీటి బావి యున్నట్లు, ప్రోగ్రాములన్నింటికి ఉమ్మడిగా గణితము చేసిపెట్టు గ్రంథము ఒకటి యుండి, అనుభవజ్ఞులు దానిని ఏండ్ల తరబడి పరీక్షించుచు కాపాడుచున్నచో ఆ శ్రమ ఒక్కచోట పడి ఫలము అందరికి చెందును. ఇట్టి ఉమ్మడి గ్రంథములనే సాఫ్ట్‌వేరు లోకమున లైబ్రరీలందురు.

పూర్ణాంకగణితమునకు నేడు మిక్కిలి పేరుగన్న లైబ్రరీ జీఎంపీ. స్వీడను దేశీయుడైన టోర్బ్యోర్న్ గ్రాన్‌లుండ్ ప్రధాన రచయితగా, జీఎన్‌యూ స్వేచ్ఛా సాఫ్ట్‌వేరు ఉద్యమపు నీడలో, అది మొదట 1991లో వెలువడినది. ఎవరైనను రుసుము లేక వాడుకొనవచ్చును; మార్చి ఇతరులకు పంచినచో ఆ మార్పుల మూలపాఠమును కూడ పంచవలెనన్నది దాని లైసెన్సులోని ముఖ్యనియమము. లినక్సు వ్యవస్థలలో ఇది లిబ్‌జీఎంపీ అను ఒక్క ఫైలుగా నుండును. జీఎంపీని కోరు ప్రోగ్రాము తనలో కూడికలను, గుణకారములను మోసికొని తిరుగదు. తనకు ఫలానా లైబ్రరీ కావలెనని పేరు మాత్రము వ్రాసికొని యుండును. ప్రోగ్రాము మేల్కొనగనే వ్యవస్థ ఆ ఫైలును వెదకి మెమరీలో నిలిపి రెండింటిని ముడివేయును. పది ప్రోగ్రాములు ఒకేమారు నడచుచున్నను ఆ లైబ్రరీ ప్రతి మెమరీలో ఒక్కటే. ఫైలు పేరు చివర ఒక సంఖ్య యుండును, నేటి జీఎంపీకి అది 10. లోపల ఎంత బాగుచేసినను పాత ప్రోగ్రాములతో కుదుర్చుకొన్న ఒడంబడికను మీరనంతకాలము ఆ సంఖ్యను మార్చరు.

ఇప్పుడు ఆ ఫైలు లోపలికి చూతము. పెద్ద సంఖ్యను జీఎంపీ 64 బిట్ల ముక్కలుగా కోయును; ఒక్కొక్క ముక్కకు దాని రచయితలు పెట్టిన పేరు లింబ్, అనగా అంగము. ఇంగ్లీషున అంకెకును వ్రేలికిని ఒకటే మాట యుండుటచే, అనేకమైన అంకెలను తనలో ఇముడ్చుకొన్న ముక్కను, వ్రేళ్లను మోయు చేతివలె అంగమన్నారు. ఆ అంగములను మెమరీలో ఉంచు క్రమము గమనింపదగినది: అన్నింటికంటె చిన్న స్థానము ముందు, పెద్ద స్థానములు వెనుక. ఇది మన పూర్వులు చెప్పిన అంకెల వామగతియే. మల్లన ఒకట్లనుండి ఎందుకు మొదలిడెనో, జీఎంపీ చిన్న అంగమునుండి ఎందుకు మొదలిడునో ఆలోచించినచో నాకొక్కటే కారణము తోచుచున్నది: కూడికలో చేతిలోని ఒకటి నడచునది ఆ దిక్కునకే; సంఖ్య పెరిగి కొత్త స్థానము కావలసివచ్చినపుడు దానికి చోటు దొరకునదియు ఆ కొననే.

అర వెలుపల పడిపోయిన ఒకటిని ప్రాసెసరు నిజమునకు పూర్తిగా పారవేయదు. క్యారీ యను ఒక చిన్న గుర్తునందు క్షణకాలము నిలుపును. మరుక్షణము చేయు కూడికలో ఆ గుర్తును కలుపుకొను ఆజ్ఞ కూడ అనేక ప్రాసెసరులకు కలదు. కాని సీ భాషనుండి ఆ గుర్తును నేరుగా చూచుటకు వీలులేదు. అందుచే జీఎంపీ రచయితలు మిక్కిలి ఎక్కువగా నడచు భాగములను అసెంబ్లీ భాషలో, ఒక్కొక్క ప్రాసెసరు జాతికి వేరువేరుగా, ఆ యంత్రపు ఆజ్ఞలు ఏ క్రమమున ఉన్నచో ఒక క్షణమైనను వృథాపోదో పరీక్షించి పరీక్షించి వ్రాసిరి. ఇంటేలుకొకటి, ఏఎండీకొకటి, ఆర్మ్‌కొకటి. ఒకే ఇంటేలులో తరతరమునకు వేరు పాఠము. ఇంత సూక్ష్మమైన శ్రద్ధ కూడిక వంటి సామాన్యకార్యముపై వెచ్చించుట వ్యర్థమని తోచవచ్చును. ఒక గుణకారములో అట్టి కూడికలు కోట్లు జరుగునని తెలిసినవారికి అట్లు తోచదు.

గుణకారము వద్దకు వచ్చినచో కథ మరింత రమణీయము. బడిలో నేర్చిన పద్ధతిని వేయి అంకెల సంఖ్యను వేయి అంకెల సంఖ్యచే గుణించుటకు, ఎక్కాలలోని చిన్న గుణకారములను పది లక్షల మారులు చేయవలెను. అంతకంటె గణనీయముగా తగ్గించుట అసాధ్యమని 1960లో మాస్కో విశ్వవిద్యాలయమున జరిగిన గోష్ఠిలో మహాగణితజ్ఞుడు కొల్మొగొరొవ్ తన అభిప్రాయమును ప్రకటించెను. శ్రోతలలో అనతోలీ కరత్సూబా అను 23 ఏండ్ల విద్యార్థి యుండెను. వారము తిరుగకుండ అతడు ఆ అభిప్రాయము తప్పని చూపు కొత్త పద్ధతిని తెచ్చి ఆచార్యుని ముందుంచెను. కొల్మొగొరొవ్ దానిని గోష్ఠిలో తానే వివరించెను. అంతటితో ఆగక, 1962లో ఆ పద్ధతిని గూర్చిన వ్యాసమును తానే కూర్చి కరత్సూబా పేరుతో ప్రకటింపజేసెను. అచ్చుప్రతులు చేతికి వచ్చువరకు కరత్సూబాకు ఆ వ్యాసము సంగతియే తెలియదట. తన ఊహను కూలద్రోసిన శిష్యుని విజయమును లోకమునకు తానే చాటిన ఆ గురువునకు నేను మనసులో ఎన్నిసార్లు నమస్కరించితినో చెప్పలేను.

పద్ధతి ఎంత సులువైనదో చూడుడు. 47ను 36చే గుణింపవలెను. మామూలుగా నాలుగు చిన్న గుణకారములు కావలెను: నాలుగు మూళ్లు, నాలుగు ఆర్లు, ఏడు మూళ్లు, ఏడు ఆర్లు. కరత్సూబా మూడింటితో సరిపెట్టును. నాలుగు మూళ్లు 12. ఏడు ఆర్లు 42. ఇక నాలుగును ఏడును కలిపిన 11ను, మూడును ఆరును కలిపిన 9చే గుణించినచో 99. ఈ 99 నుండి 12ను 42ను తీసివేయగా మిగిలిన 45 నడిమి స్థానమునకు కావలసిన మొత్తమే. 1200, 450, 42 కలిపినచో 1692. ఒక గుణకారము తగ్గి కొన్ని కూడికలు, తీసివేతలు పెరిగినవి. కాని పెద్ద సంఖ్యలకు కూడిక చౌక, గుణకారము ఖరీదు. సంఖ్యను సగములుగా, ఆ సగములను మరల సగములుగా చీల్చుచు ఇదే ఉపాయమును మెట్టుమెట్టునను వాడినచో, 1024 అంకెల గుణకారమునకు బడిపద్ధతిలో కావలసిన 10,48,576 చిన్న గుణకారములు దాదాపు 59,000కు దిగివచ్చును. సంఖ్యల నిడివి ఇబ్బడియైనపుడెల్ల పాతపద్ధతిలో పని నాలుగింతలు, ఇందులో మూడింతలు మాత్రమే.

పిమ్మట టూమ్, కుక్ అనువారు సంఖ్యను రెండుకంటె ఎక్కువ ముక్కలుగా చీల్చు మార్గములు చూపిరి. 1971లో షోన్‌హాగె, ష్ట్రాసెన్ అను జర్మను గణితజ్ఞులు ఫూరియే పరివర్తనమును పూర్ణాంకముల గుణకారమునకు వాడి మరింత ముందునకు పోయిరి. జీఎంపీలో ఇవన్నియు కలవు. చిన్న సంఖ్యలకు బడిపద్ధతినే వాడును, కొన్ని పదుల అంగములు దాటగనే కరత్సూబా పద్ధతికి, పిదప టూమ్ పద్ధతులకు, మిక్కిలి పెద్దవానికి ఫూరియే పద్ధతికి మారును. ఎచ్చట మారవలెనన్నది ప్రాసెసరునుబట్టి వేరుగా నుండును గనుక, ఆ ఎల్లలను కొలిచి నిర్ణయించు చిన్న ప్రోగ్రామును కూడ రచయితలు జతచేసిరి. గోష్ఠిలో పుట్టిన ఊహ ఇట్లు ఏ పేరును చెప్పుకొనకుండ ఒక ఫైలులో పనిచేయుచుండుట నాకు శాస్త్రము పొందగల గౌరవములలో గొప్పదిగా తోచును.

ఈ బావి నీరు త్రాగువారెవరు? గణితజ్ఞులు వాడు మేపుల్, మ్యాథమేటికా, సేజ్‌మ్యాథ్ వంటివి. రహస్యసంభాషణకు తోడ్పడు జీఎన్‌యూటీఎల్ఎస్. 2020లో వచ్చిన 27వ రూపమునుండి ఈమ్యాక్స్ అను పురాతన రచనాసాధనము. అందరికంటె విశేషమైన వాడుకరి జీసీసీ అను కంపైలరు. మనుష్యుడు వ్రాసిన ప్రోగ్రామును యంత్రభాషలోనికి మార్చు ఈ సాధనము 2008లో వచ్చిన 4.3 రూపమునుండి తన లోపలి స్థిరాంకముల లెక్కలకు జీఎంపీని తప్పనిసరిగా కోరుచున్నది. జీఎంపీని యంత్రభాషలోనికి మార్చునదియు తరచుగా ఆ జీసీసీయే. విత్తనము చెట్టు కథవంటి ఈ పరస్పరాశ్రయమున ఒకదాని తప్పు రెండవదానికి సోకుట సహజము. అందుచే జీఎంపీని కట్టుకొన్నవారు వాడుటకు ముందు దానితో వచ్చిన పరీక్షలనన్నింటిని తప్పక నడుపవలెనని రచయితలు గట్టిగా చెప్పుదురు. ఎదురగు చిక్కులలో అధికభాగము తమ లైబ్రరీవి కాక కంపైలరువని తేలుచుండుట వారి అనుభవము.

అందరును జీఎంపీనే వాడుదురని కాదు. జావాకు తన సొంత మహాపూర్ణాంకములు కలవు, ఓపెన్‌ఎస్ఎస్ఎల్‌కు వేరు, పైథాన్ భాష పూర్ణాంకమునకు ఎల్లయే లేకుండ 30 బిట్ల ముక్కలతో తానే లెక్కించుకొనును. నేడు మన కళాశాలలలో పైథానుతో చదువు ప్రారంభించు పిల్లలకు అర నిండుట యన్న మాటయే తెలియకపోవుట అందువలననే. అది మంచిదే, కాని ఎల్ల లేకపోవుటకు వెల కలదు. అతి దీర్ఘమైన సంఖ్యను దశాంశములలోనికి మార్చుటకు పట్టు కాలము మితిమీరి పెరుగుటచే, దురుద్దేశముతో అట్టి సంఖ్యను పంపి యంత్రమును స్తంభింపజేయవచ్చునని గుర్తించి, 2022లో పైథాన్ నిర్వాహకులు ఆ మార్పిడికి 4300 అంకెల కట్ట వేసిరి.

రహస్యములతో పని మరియొక విధమైన జాగ్రత్త కోరును. తాళపుచెవి సంఖ్యనుబట్టి లెక్కకు పట్టు కాలము మారుచున్నచో, ఆ కాలమును కొలుచువాడు ఆ సంఖ్యను కనిపెట్టగలడని పాల్ కోచర్ 1996లో చూపెను. కావున జీఎంపీలో వేగమే ధ్యేయముగా గల లెక్కలకు తోడు, ఒకే నిడివి గల సంఖ్యలన్నింటికి ఒకే దారిన నడచు ప్రత్యేకమైన లెక్కలును కలవు. వేగమును కొంత వదలుకొని నియమమును పాటించు ఆ భాగములను వదలి తక్కినవానితో రహస్యములను ముట్టుట తప్పు.

ఇక ఉమ్మడి వస్తువునకు సహజమైన అపాయమును దాచరాదు. బావి చెడినచో ఊరంతయు చెడును. అర దాటిన సంఖ్యలను కాపాడుటకే పుట్టిన జీఎంపీలోనే 2021లో అర నిండిపోవు దోషమొకటి బయటపడెను. ఫైలునుండి పెద్ద సంఖ్యను చదువునపుడు దాని నిడివి ఎంతయని ముందుగా చెప్పు చిన్న సంఖ్య యుండును. ఎవరైనను ఆ నిడివిని కావలెనని అతిగా పెంచి వ్రాసినచో, 32 బిట్ల యంత్రములలో ఆ నిడివి లెక్కయే పొంగిపోయి, కేటాయించిన చోటు దాటి మెమరీలో వ్రాయు ప్రమాదము కలదు. సంఖ్యను గూర్చి అంత జాగ్రత్త వహించినవారు దాని పొడవును గూర్చి ఏమరినారన్నమాట. సవరణ మాత్రము కొద్ది వాక్యముల పనియే. 2023లో వచ్చిన 6.3.0 రూపమున అది చేరినది. ప్రతి ప్రోగ్రామును తిరిగి వ్రాయనక్కర లేకుండ, ఆ ఒక్క ఫైలును మార్చుకొన్న యంత్రములో దానిపై ఆధారపడిన ప్రోగ్రాములన్నియు ఒకేమారు బాగుపడినవి. ఏరియాన్‌లో రెండు యంత్రములను ఒకేమారు పడగొట్టిన ఉమ్మడితనమే ఇచ్చట అన్నింటిని ఒకేమారు నిలబెట్టెను.

నిండిన చదరంగపు బల్ల దగ్గరకు మరల వత్తము. మల్లన సంఖ్యను జీఎంపీకి అప్పగించి ఒక గింజ కలుపుమన్నచో, అది మొదటి అంగమునకు ఒకటి చేర్చును. అరువది నాలుగు గళ్లును సున్నలగును. వెలుపల పడిన ఒకటిని క్యారీ గుర్తునుండి అందుకొని, మెమరీలో మరియొక అంగమునకు చోటు చేసి, అందు దానిని నిలుపును. ఇప్పుడు ఆ సంఖ్యకు రెండంగములు: ముందున్నది సున్న, దాని వెనుకది ఒకటి. ఆ రెండింటిని అవి ఉన్న వరుసలోనే భూతసంఖ్యలలో చదివినచో గగనము, చంద్రుడు.